నీళ్లు తాగిన కేబుల్: సోంపేట హ్యామ్ రేడియో స్టేషన్‌లో ఈ వారం పనులు

నేను అభిరుచి కొద్దీ ఇంట్లో హ్యామ్ రేడియో నడుపుతాను. ఈ వానాకాలమంతా నా 40 మీటర్ల బ్యాండు (7 మెగాహెర్ట్జ్) డైపోల్, అంటే తీగ యాంటెన్నా, ఎస్‌డబ్ల్యూఆర్ 1.3 దాటలేదు. పంపిన శక్తిలో ఎంత తిరిగొస్తోందో చెప్పే అంకె అది, 1కి దగ్గరగా ఉంటే మంచిది. అయినా నేను పిలిస్తే పలికేవారు తగ్గిపోయారు. ఇదివరకు ఒక్కసారికే అందుకునే మిత్రులు ఇప్పుడు కాల్ సైన్ (స్టేషన్ గుర్తింపు పేరు) మూడుసార్లు చెప్పించుకుంటున్నారు.

ఆదివారం యాంటెన్నా దించి, కేబుల్ పై కొసను దేనికీ తగిలించకుండా ఖాళీగా వదిలి, కింద అనలైజర్ (ఎస్‌డబ్ల్యూఆర్ కొలిచే పరికరం) పెట్టి చూశాను. (ఈ పరీక్ష ట్రాన్స్‌మిటర్‌తో ఎప్పుడూ చేయకండి.) పంపిన శక్తికి పోయే దారి లేదు కాబట్టి తిరిగి రావాలి, అంకె బాగా పెద్దది కనిపించాలి. పాతిక మీటర్ల మంచి ఆర్‌జీ-58 రకం కేబుల్ అయితే 7 మెగాహెర్ట్జ్ దగ్గర 8 చుట్టుపక్కల ఉంటుంది. నాకు 2 వచ్చింది! అంటే పోయేటప్పుడు 4.8 డెసిబెల్స్, వచ్చేటప్పుడు మళ్లీ అంతే కేబుల్ తినేస్తోంది. 50 వాట్లు పంపితే పైకి చేరేది 17 లోపే. తిరిగొచ్చే శక్తి కూడా దారిలోనే ఇంకిపోతోంది కనుక మీటరు ఇన్నాళ్లూ మంచి అంకె చూపించింది.

తొడుగు కోస్తే అల్లిక తీగ నల్లబడి ఉంది, మధ్య తీగకు పచ్చని చిలుము పట్టింది. బారువ వైపు నుంచి వచ్చే ఉప్పుగాలి, పై అతుకులో దూరిన వాననీరు కలిసి చేసిన పని ఇది. దీపపు వత్తి నూనె పీల్చుకున్నట్టు అల్లిక నీటిని లోపలికి లాక్కుంటుంది. అడుగు చొప్పున కోస్తూ పోయాను, నాలుగు మీటర్ల దాకా నలుపే. మొత్తం పారేసి ఆర్‌జీ-213 రకం కేబుల్ వేశాను. అది బరువైనది, అందుకే భారం టంకం మీద పడకుండా తాడుకు కట్టాను.

అతుకుకు తనంతట తానే అతుక్కునే రబ్బరు టేపును కింది నుంచి పైకి చుట్టాను. అప్పుడే ఇంటి పెంకుల్లా పై వరస కింది వరసను కప్పి నీటిని జార్చేస్తుంది. ఎండకు ఆగేలా పైన మామూలు పీవీసీ టేపు వేశాను. వెనిగర్ వాసన వచ్చే సిలికాన్ మాత్రం వాడకండి, దానిలోని ఆమ్లం రాగిని తినేస్తుంది.

యాంటెన్నా ఒక కొస కొబ్బరి చెట్టుకే ఉంది. గాలికి చెట్టు ఊగితే తీగ తెగకుండా తాడును గిలక మీదుగా వేసి, ఇసుక నింపిన డబ్బా వేలాడదీశాను. 2018 అక్టోబరులో తిత్లీ తుపాను ఉద్దానం కొబ్బరి తోటలను కూల్చేసింది, కరెంటు రోజుల తరబడి రాలేదు. అలాంటి రోజునే నా స్టేషన్ పలకాలి.

తిరిగి ఎత్తాక అనునాదం (యాంటెన్నా బాగా పలికే పౌనఃపున్యం) 6.98 మెగాహెర్ట్జ్ దగ్గర కనిపించింది. కొసలను కోయకుండా, ఒక్కోవైపు 17 సెంటీమీటర్లు వెనక్కి మడిచి చుట్టాను, 7.1కి వచ్చింది. కేబుల్ కిటికీలోకి వచ్చే చోట వాననీరు కారిపోయేలా కిందికి వంపు తిప్పడం, బ్యాటరీ తీగలకు ఫ్యూజులు వేయడం వచ్చే ఆదివారం పని.