మహారాష్ట్ర జైలు నుంచి చర్లపల్లికి: మా అన్న బదిలీ కోసం తిరిగిన తిరుగుడు

మా అన్న పాలమూరు నుంచి మహారాష్ట్రకు కట్టడం పనికి పోయినవాడు. అక్కడే ఒక కేసులో యావజ్జీవం పడింది, అక్కడి సెంట్రల్ జైల్లోనే వేశారు. కేసు మంచిచెడ్డల జోలికి ఇక్కడ పోను. అన్నను హైదరాబాద్‌లోని చర్లపల్లి జైలుకు తెప్పించుకోవడానికి ఏం చేశామో చెబుతాను. వలసపోయిన మా ఊళ్లలో ఎవరికైనా పనికొస్తుంది.

ముందు ఒక వకీలు హైకోర్టులో వేద్దామని ఫీజు మాట్లాడాడు. జిల్లా న్యాయ సేవాధికార సంస్థలో మేడమ్ ఒకావిడ అదేం అక్కర్లేదంది. శిక్ష పడ్డ ఖైదీని రాష్ట్రం దాటించడానికి 1950లోనే ఖైదీల బదిలీ చట్టం వచ్చిందట. ఖైదీ ఉన్న రాష్ట్ర ప్రభుత్వం, తీసుకునే రాష్ట్రం ఒప్పుకుంటే, ఉత్తర్వు ఇస్తుంది. రిమాండులో ఉన్నవాళ్లకు ఈ దారి లేదు, వాళ్ల సంగతి కోర్టే చూడాలి. జైల్లో ఉన్నవాళ్లకు ఉచిత న్యాయసాయం హక్కు, ఆదాయం ఎంతని కూడా అడగరు. బదిలీ అట్లా కాదు, ఇస్తే ఇస్తారు. అందుకే అర్జీలో ఏం రాశామన్నదే ముఖ్యం.

అర్జీ అన్న పేరు మీదే, జైలు సూపరింటెండెంట్ ద్వారా పోవాలి. ఖైదీని వీలైనంత వరకు ఇంటికి దగ్గర్లో ఉంచాలనే, ఖైదీల గురించి ఐక్యరాజ్యసమితి పెట్టిన నెల్సన్ మండేలా నియమాల్లోని 59వ నియమం మేడమే రాయించింది. అది చదివి ఎవరైనా కరిగారని నేననుకోను. పనిచేసింది మాత్రం అమ్మ సంగతే అనుకుంటా. ఆమె అంత దూరం రైలెక్కలేదని సర్కారు దవాఖాన సర్టిఫికెట్ పెట్టాం. ఫోన్లో తెలుగు మాట్లాడితే పక్కన నిలబడ్డాయన హిందీలో మాట్లాడమనేవాడు. అమ్మకు హిందీ ముక్క రాదు. "బాగున్నవా బిడ్డా" అని ఊరుకునేది, అన్న అటు ఏడ్చేవాడు. అదీ రాశాం.

తర్వాత ఫైలు రెండు ప్రభుత్వాల మధ్య పడింది. ఇక్కడడిగితే అక్కడి నుంచి లెటర్ రాలేదంటారు, అక్కడడిగితే ఎప్పుడో పంపామంటారు. చివరికి పది రూపాయలు కట్టి సమాచార హక్కు కింద దరఖాస్తు వేశాం. ఎందుకు ఆలస్యమైందని అడగొద్దు, దానికి జవాబు రాదు. ఏ నంబరు లెటర్, ఏ తేదీన, ఎవరికి పంపారని అడగాలి. ఆ నంబరు చేతిలో పట్టుకుని పోతే "రాలేదు" అన్న లెటరే బీరువాలో దొరికింది.

ఇక కదిలింది. మా స్టేషన్ నుంచి కానిస్టేబుల్ వచ్చి, ఇల్లు ఉన్నదా, తల్లి ఉన్నదా, ఊళ్లో ఎవరితోనైనా తగాదాలున్నాయా అని విచారించి పోయాడు. ఉత్తర్వు వచ్చాక కూడా ఎస్కార్ట్ పోలీసులు దొరికేదాకా ఆగాల్సి వచ్చింది. తేదీ మాకెవరూ చెప్పలేదు. చర్లపల్లి నుంచి అన్న ఫోన్ చేస్తేనే తెలిసింది.

ఇంతా చేసి, బదిలీ అడిగే ముందే తెలుసుకోవాల్సిన, చాలామందికి తెలియని సంగతి ఒకటుంది. జైలు మారినంత మాత్రాన ముందస్తు విడుదల అధికారం తెలంగాణకు రాదు. విచారణ జరిపి శిక్ష వేసిన కోర్టు ఏ రాష్ట్రంలో ఉంటే ఆ ప్రభుత్వానిదే నిర్ణయం. 2024 జనవరిలో బిల్కిస్ బానో కేసులో (2002 గుజరాత్ అల్లర్ల నాటి సామూహిక అత్యాచారం, హత్యల కేసు) సుప్రీంకోర్టు చెప్పింది కూడా ఇదే. నేరం గుజరాత్‌లో జరిగినా విచారణ ముంబైలో జరిగింది కాబట్టి, దోషులకు గుజరాత్ ప్రభుత్వం ఇచ్చిన విడుదల చెల్లదంది. అంటే మా అన్న రెమిషన్ (శిక్ష తగ్గింపు) ఫైలు రేపైనా మహారాష్ట్రకే పోవాలి. అందుకే అక్కడి జైల్లో పని చేసిన రోజుల లెక్క, నడవడిక రికార్డు, తీర్పు సర్టిఫైడ్ కాపీ ఖైదీ అక్కడుండగానే అడిగి తీసుకోండి. మేము తీర్పు కాపీ ముందే తీయించి పెట్టుకున్నాం. పనిదినాల లెక్క కోసం ఇప్పుడు మళ్లీ దరఖాస్తు రాస్తున్నాం.