స్తానీస్వాఫ్ అనే పేరు, దాని చివరి అక్షరంతో వచ్చిన తంటా

మా అబ్బాయి ఓసీఐ కార్డు (విదేశీ పౌరులైన భారత సంతతివాళ్లకు మన ప్రభుత్వం ఇచ్చేది) నిన్ననే చేతికొచ్చింది. స్తానీస్వాఫ్ అన్న వాడి పేరు సరిగ్గా పడింది. పోలండ్‌లో పుట్టిన పిల్లాడికి పోలిష్ పేరు పెట్టి, ఆ పేరును రెండు దేశాల కాగితాల మీద ఒకేలా నిలబెట్టాలంటే ఏం చేయాలో తెలుగులో రాసినవాళ్లు నాకెవరూ దొరకలేదు. కోపం చల్లారకముందే అన్నీ రాసిపెడుతున్నాను. నాలాగే ఇక్కడి అమ్మాయిని చేసుకుని క్రాకూఫ్‌లోనో వ్రొత్స్వాఫ్‌లోనో వార్సాలోనో స్థిరపడ్డవాళ్లకు పనికొస్తుంది.

ముందు పేరు సంగతి. పిల్లల పేర్ల సైట్లలో ఇదే పేరును స్తానిస్లావ్ అని వెతికితే "రష్యన్ పేరు, అర్థం శిబిరానికి కీర్తి" అని కనిపిస్తుంది. దాన్ని నమ్మి బారసాల పత్రికలో వేయకండి. రష్యన్లూ ఉక్రెయిన్ వాళ్లూ చెక్ వాళ్లూ కూడా పెట్టుకుంటారు, నిజమే. కానీ ఈ పేరు శతాబ్దాలుగా బతికింది, ఊరూరా పాకింది పోలండ్ వల్లే. మన వైపు లెనిన్, స్టాలిన్ పేర్లు పెట్టుకున్న ఇళ్లు ఎక్కువ కాబట్టి, ఇలాంటి పేరు వినగానే రష్యా వాళ్లదనుకోవడం అలవాటైపోయింది.

పేరులో రెండు ముక్కలున్నాయి. మొదటిది 'స్తాని': నిలబడటం, అవటం అనే క్రియ నుంచి వచ్చింది. రెండోది 'స్వాఫ్': కీర్తి. కలిపితే "కీర్తిమంతుడవు గాక" అని కొందరు, "కీర్తిని నిలబెట్టేవాడు" అని కొందరు చెబుతారు. రెండూ సమ్మతమే. 'స్తా' మన సంస్కృత 'స్థా' ధాతువుకు చుట్టం. స్లావుల 'స్లావా', మన 'శ్రవస్సు' ఒకే పాత మూలం నుంచి వచ్చినవి. మహాభారతంలో సాత్యకి చేతిలో చనిపోయిన భూరిశ్రవుడు గుర్తున్నాడు కదా, ఆ పేరుకు అర్థం "గొప్ప కీర్తి గలవాడు". పోలండ్ రాజుల పేరు 'బొలెస్వాఫ్' కూడా అదే: ఎక్కువ కీర్తి గలవాడు. ఇలా రెండు మాటలు సమాసం చేసి పేరు పెట్టడం స్లావుల పాత రాచకుటుంబాల పద్ధతి. మ్యెచిస్వాఫ్, యారొస్వాఫ్, మిరొస్వాఫ్ అన్నీ ఆ కోవలోవే. మా అత్తగారింట్లో ఈ మాట చెప్పి, పోలిష్ ఏదో పరాయి భాష అనుకునే మనవాళ్లకూ చెప్పి, రెండు వైపులా తలలూపించాను. పేరు ఖాయమైంది అక్కడే.

ఈ పేరు నిలవడానికి కారణం మాత్రం దాని అర్థమేమీ కాదు, ఒక హత్య. పోలండ్ 966లో క్రైస్తవం పుచ్చుకుంది. ఆ తర్వాత శతాబ్దాల్లో, ముఖ్యంగా 1545 నుంచి 1563 దాకా జరిగిన క్యాథలిక్ చర్చి వారి త్రెంతో మహాసభ తర్వాత, పునీతుల పేర్లే పెట్టాలని చర్చి గట్టిగా చెప్పడంతో పాత స్లావు పేర్లు చాలావరకు వాడుకలోంచి పోయాయి. పునీతుల జాబితాలోకి ఎక్కిన స్తానీస్వాఫ్, కజీమ్యెష్, వాత్స్వాఫ్ లాంటి కొన్నే బయటపడ్డాయి. పోయిన వాటిలో కొన్నిటిని పందొమ్మిదో శతాబ్దంలో దేశాభిమానంతో మళ్లీ వెలికితీశారు.

క్రాకూఫ్ బిషప్ స్తానీస్వాఫ్, రాజు రెండో బొలెస్వాఫ్‌తో తలపడి 1079 ఏప్రిల్ 11న చనిపోయాడు. విస్తులా నది ఒడ్డున స్కావ్కా చర్చిలో పూజ చేస్తుండగా రాజే నరికాడని, శరీరాన్ని ముక్కలు చేశారని, ఆ ముక్కలు తిరిగి అతుక్కున్నాయని ఐతిహ్యం. పోలండ్ చిన్న చిన్న సంస్థానాలుగా చీలిపోయి ఉన్న పదమూడో శతాబ్దంలో జనం ఈ కథను పట్టుకున్నారు: ఆయన శరీరం అతికినట్టే రాజ్యమూ అతుకుతుందని. ఆయనను 1253లో అస్సీసీలో పునీతుడిగా ప్రకటించారు. రాజు మాత్రం హత్య జరిగిన ఏడాదే హంగరీకి పారిపోయాడు. అయితే పోలండ్ తొలి చరిత్రకారుడు పన్నెండో శతాబ్దంలో ఆ బిషప్‌ను ద్రోహి అనే అర్థమొచ్చే మాటతోనే ప్రస్తావించాడు. ఆ తగువు చరిత్రకారుల మధ్య ఇప్పటికీ తెగలేదు. పేరు పెట్టుకునేవాళ్లు ఈ రెండో పక్కను కూడా తెలుసుకోవాలని నా పట్టుదల.

ఆ బిషప్ సమాధి క్రాకూఫ్‌లోని వావెల్ కొండ మీద కేథడ్రల్ నడిమధ్యలో ఉంది. ఏటా మే 8 తర్వాతి ఆదివారం అక్కడి నుంచి స్కావ్కా దాకా ఊరేగింపు వెళుతుంది. 1979లో ఆయన తొమ్మిది వందల వర్ధంతికి పోప్ రెండో జాన్ పాల్ మేలో వస్తానంటే కమ్యూనిస్టు ప్రభుత్వం ఒప్పుకోలేదు, జూన్‌లో రానిచ్చింది. చనిపోయి తొమ్మిది వందల ఏళ్లయిన బిషప్ పేరుకు కూడా అంత భయపడ్డారు.

పేరు పండగ (ఆ పేరున్న పునీతుడి రోజు) ఎప్పుడని పోలిష్ బంధువులు తప్పకుండా అడుగుతారు. క్యాలెండర్‌లో ఈ పేరుకు చాలా తేదీలున్నాయి. పెద్దది మే 8. పద్దెనిమిదేళ్లు నిండకముందే చనిపోయిన ఇంకో పునీతుడు స్తానీస్వాఫ్ కొస్త్‌కాది ఇక్కడ సెప్టెంబరు 18. పుట్టినరోజు తర్వాత ముందుగా వచ్చే తేదీని తీసుకోవడం ఆనవాయితీ.

ఇక నమోదు. జనన నమోదు కార్యాలయాన్ని ఇక్కడ యూఎస్‌సీ అంటారు. ఆసుపత్రి వాళ్లే జనన పత్రాన్ని నేరుగా అక్కడికి పంపుతారు. అది తయారైన రోజు నుంచి 21 రోజుల్లోపు మనం పేరు చెప్పాలి. చెప్పకపోతే దేశంలో వాడుకలో ఉన్న ఏదో ఒక పేరు రిజిస్ట్రారే పెట్టేస్తాడు. పెళ్లయినవాళ్లయితే ఒక్కరు వెళ్లినా చాలు, ఆన్‌లైన్‌లోనూ చేయొచ్చు. సర్టిఫికెట్ తొలి సంక్షిప్త నకలు ఉచితం. పెసెల్ నంబరు (మన ఆధార్ లాంటి ఇక్కడి గుర్తింపు సంఖ్య) దానితోపాటే వచ్చేస్తుంది. మనసు మారితే ఆరు నెలల్లోపు పేరు మార్చుకునే వీలూ ఉంది.

2015 మార్చి 1 నుంచి అమల్లో ఉన్న చట్టం ప్రకారం రెండు పేర్లకు మించి కుదరదు. ముద్దుపేరును అసలు పేరుగా రాయరు. అంటే స్తాశ్, స్తాషెక్, స్తాఖ్ అని ఇంట్లో ఎంతైనా పిలుచుకోండి, రిజిస్టర్‌లో స్తానీస్వాఫ్ అనే ఉండాలి. విదేశీ పేర్లకు ఇప్పుడు అభ్యంతరం లేదు.

రెండో పేరుగా మా నాన్నగారి పేరు 'వెంకట' రాయించాం. పోలిష్‌లో 'అ'తో ముగిసే పేరు దాదాపు ఎప్పుడూ ఆడవాళ్లదే, అందుకని కౌంటర్ దగ్గర ఆవిడ ఆగిపోయారు. ఆవిడ మర్యాదగానే అడిగారు. దానికి జవాబు రెండు కాగితాలు: నోబెల్ పొందిన సి.వి. రామన్, ప్రధానమంత్రి పి.వి. నరసింహారావు, ఇద్దరి పూర్తి పేర్లూ ఉన్న విజ్ఞాన సర్వస్వం పుటలు. ఇద్దరి పేర్లలోనూ 'వి' అంటే వెంకటే. బర్నాబా, కొస్మా లాంటి 'అ'కారాంత మగపేర్లు పోలిష్‌లోనూ ఉన్నాయని ఆవిడే నవ్వుతూ చెప్పి రాసుకున్నారు. మీ పిల్లాడి రెండో పేరు శివ, కృష్ణ, సూర్య ఏదైనా ఇలాంటి కాగితం ముందే పట్టుకెళ్లండి.

అసలు నరకం మన వైపు కాగితాల దగ్గర మొదలైంది. తల్లి పోలిష్ కాబట్టి బిడ్డకు పుట్టుకతోనే ఆ పౌరసత్వం వచ్చింది. భారత్‌లో ద్వంద్వ పౌరసత్వం లేదు, కనుక ఓసీఐ చేయించాలి.

పోలిష్ భాషలో ఏడు విభక్తులున్నాయి, మనుషుల పేర్లకూ ప్రత్యయాలు చేరతాయి. రాముడు అన్నది 'రాముని' అయినట్టే స్తానీస్వాఫ్ అన్నది 'స్తానిస్వావా', 'స్తానిస్వవోవి', 'స్తానిస్వావెమ్', 'స్తానిస్వావ్యె' అవుతుంది. సర్టిఫికెట్ గడుల్లో పేరు ప్రథమా విభక్తిలోనే ఉంటుంది. తల్లిదండ్రుల సమ్మతి పత్రం, నివాస ధ్రువీకరణ లాంటి వాక్యాలున్న కాగితాల్లో మాత్రం "కుమారుడు స్తానిస్వావా పేరిట" అన్న రూపంలో వస్తుంది. ఓసీఐ దరఖాస్తు కేంద్రం వాళ్లు చూపించిన అనువాదకుడు ఆ రూపాన్నే ఇంగ్లిషులోకి దింపేశాడు. దింపిన పేరు 'స్తానిస్లావా'. అది ఆడపిల్లల పేరు! పోలండ్‌లో బామ్మల తరంలో ఎందరికో ఉన్న పేరు.

కేంద్రంలో కూర్చున్న అతను కాగితాలు పక్కపక్కన పెట్టి, పాస్‌పోర్టులో మగపిల్లాడు, సమ్మతి పత్రంలో ఆడపిల్ల అన్నాడు. విభక్తి సంగతి చెప్పబోయాను. వినలేదు. "ముందు మీ బిడ్డ ఆడో మగో ఇంట్లో తేల్చుకుని రండి" అని వరుసలో ఉన్నవాళ్లందరికీ వినపడేలా అన్నాడు. నా వెనక నిలబడ్డవాళ్లు నవ్వారు. పిల్లాడు చంకలో ఉన్నాడు. ఆ నవ్వు ఇప్పటికీ చెవుల్లో ఉంది. భాష తెలియకపోవడం తప్పు కాదు. తెలిసినవాడు చెబుతుంటే విననివాడిని ఆ కుర్చీలో కూర్చోబెట్టడం తప్పు. మనుషుల పేర్లతో పనిచేసే చోట పేరుకు ఆ మాత్రం గౌరవం ఉండాలి.

పెసెల్ నంబరు చూపించాను. అందులో పదకొండు అంకెలుంటాయి. పదో అంకె బేసి అయితే మగ, సరి అయితే ఆడ. (2000 నుంచి పుట్టినవాళ్లకు నెల అంకెకు 20 కలుపుతారు, అది చూసి కంగారు పడకండి.) అది తమకు ప్రమాణం కాదన్నాడు. రెండు పేర్లూ ఒక్కరివేనని స్టాంపు కాగితం మీద అఫిడవిట్ తెమ్మన్నాడు. మన ఊళ్లో దొరికే ఆ కాగితం ఇక్కడ దొరకదు. పోలిష్ నోటరీ మామూలుగా నా ప్రకటన మీద నా సంతకం నాదేనని ధ్రువీకరిస్తాడు. పైగా అలాంటి ప్రకటన ఇస్తే మా అబ్బాయికి 'స్తానిస్లావా' అనే రెండో పేరు ఉందని నేనే ఒప్పుకున్నట్టవుతుంది, రేపు ప్రతి ఆఫీసులోనూ అది బయటకు తీస్తారు. అందుకే ససేమిరా ఇవ్వలేదు. మీరూ ఇవ్వకండి.

పని జరిగింది ఇలా. యూఎస్‌సీ నుంచి బహుభాషా జనన నకలు తీసుకున్నాను, రుసుము 22 జ్లోటీలు. అందులో శీర్షికలు ఇంగ్లిషులోనూ ఉంటాయి, లింగానికి వేరే గడి ఉంటుంది. పూర్తి నకలు కావాలంటే 33. దానికి వార్సాలోని విదేశాంగ శాఖ నుంచి అపోస్టిల్ (కాగితం అసలుదేనని వేరే దేశాల కోసం వేసే ధ్రువీకరణ ముద్ర) వేయించాను, అది 60 జ్లోటీలు. సమ్మతి పత్రాన్ని ప్రభుత్వ గుర్తింపున్న వేరే ప్రమాణ అనువాదకురాలి చేత మొదటి నుంచి చేయించాను. ఆవిడ పేరును ప్రథమా విభక్తిలో పెట్టి, మూలంలో ఉన్నది షష్ఠీ విభక్తి రూపమని కింద అనువాదకుల గమనిక రాసి ముద్ర వేశారు. ఈసారి వేరే ఉద్యోగి మారు మాట లేకుండా తీసుకున్నారు.

అనువాదానికి ఇచ్చేటప్పుడే పిల్లాడి పేరు, మీ పేరు ప్రథమా విభక్తిలో, పాస్‌పోర్టులో ఉన్నట్టే రాసివ్వండి. మన ఇంటిపేర్లకూ ఇదే గతి పడుతుంది: 'ఇ'తో ముగిసే మగవాళ్ల ఇంటిపేరుకు 'ఎగో' చేరుతుంది, గాంధీని వీళ్లు 'గాంధియెగో' అని రాస్తారు. అదే ఆడవాళ్లకైతే ఇంటిపేరు మారదు. వార్సాలో ఇందిరా గాంధీ పేరిట ఉన్న వీధి బోర్డు మీద 'ఇందిరి గాంధీ' అని ఉంటుంది, ఇందిర మారింది, గాంధీ మారలేదు. ఒకే ఇంట్లో తండ్రి ఇంటిపేరు ఒకలా, తల్లిది ఇంకోలా ఇంగ్లిషులోకి దిగితే ఏమవుతుందో ఊహించుకోండి.

ఇంకొకటి, ఎల్ మీద అడ్డగీత ఉండే అక్షరం. పోలిష్‌లో దాన్ని 'వ'లా, పెదాలు గుండ్రంగా చుట్టి పలుకుతారు. పాస్‌పోర్టులో పైన గీతతోనే ఉంటుంది, కింద యంత్రం చదివే వరుసలో మామూలు ఎల్ అవుతుంది. ఓసీఐ ఫారంలో ఆ కింది వరుసలో ఉన్నట్టే నింపాలి. ఉచ్చారణ ప్రకారం డబ్ల్యూ పెట్టారా, మళ్లీ మొదటికొస్తుంది.

తెలుగులో రాసేటప్పుడు పోలిష్ పలుకుబడి కావాలంటే 'స్తానీస్వాఫ్' అనండి, ఊనిక 'నీ' మీద. చివరి 'వ' ఒంటరిగా ఉన్నప్పుడు 'ఫ' అవుతుంది, ప్రత్యయం చేరగానే మళ్లీ 'వ' అయిపోతుంది. రష్యన్, చెక్ పద్ధతిలో అయితే 'స్తానిస్లావ్'. ఏది రాసినా మొదటి అక్షరానికి దీర్ఘం తప్పనిసరి. దీర్ఘం పోతే తెలుగులో ఏం చదువుతారో చెప్పనక్కర్లేదు, బారసాల పత్రిక అచ్చుకు ఇచ్చేముందు ప్రూఫు మీరే చూసుకోండి.