విరిచిన పేర్లన్నీ అతికించారు: నా నవల అచ్చయిన అనుభవం

పద్నాలుగేళ్ల పిల్లలకు వింత శక్తులు వచ్చిపడితే ఏమవుతుందన్న ఊహతో నేను రాసిన మాంత్రిక నవల మొత్తానికి పుస్తకంగా చేతికొచ్చింది. తెలుగులో ఇలాంటి నవల రాసి సొంతంగా అచ్చు వేయించుకోదలచిన వారికి పనికొస్తుందని ఈ అనుభవాన్ని రాస్తున్నాను. డీటీపీ, అంటే రాతను కంప్యూటరులో అచ్చుకు తగ్గట్టు పేజీలుగా కట్టే దశ, దాని మీద నాకున్న కోపం ఇంకా చల్లారలేదు కనుక ఆ భాగం కాస్త సాగుతుంది.

ముందుగా కథ సంగతి రెండు మాటల్లో చెప్పాలి, ఎందుకంటే తర్వాత జరిగిన రభసకంతా మూలం అందులోనే ఉంది. నా కథ మార్కాపురం పలకల గనుల దగ్గర జరుగుతుంది. పలకరాయిని ఉలితో పొరలు పొరలుగా చీల్చే కూలీ కూతురు గిరిక. ఆమె ఎవరి పేరునైనా మధ్యలో విరిచి పలికితే ఆ మనిషి ఉన్నచోటే నిలిచిపోతాడు, తిరిగి కలిపి పలికితే కదులుతాడు. అయితే ఒక పేరు విరిచిన ప్రతిసారీ ఆమె తనకు తెలిసిన మాటల్లో ఒకదాన్ని శాశ్వతంగా మరిచిపోతుంది. శక్తికి ఒక పరిమితీ ఒక వెలా లేకపోతే కథ నిలబడదని మన పూర్వులకు బాగా తెలుసు. ప్రవరుణ్ణి హిమాలయాలకు చేర్చిన పాదలేపం మంచుకు కరిగిపోబట్టే కదా ఆ తర్వాతి కథంతా నడిచింది! అష్టసిద్ధుల్లో ఒకటి కూడా నా పిల్లలకు ఇవ్వకుండా, గనిలో పుట్టిన శక్తులే ఇచ్చానని ఇక్కడ కొంచెం గర్వంగానే చెప్పుకుంటున్నాను.

ప్రచురణకర్తల దశ త్వరగానే ముగిసింది. ఒకరు ఇలాంటివి పిల్లలు ఇంగ్లీషులో చదువుకుంటారన్నారు. మరొకరు పాత మాంత్రిక సీరియళ్లను పునర్ముద్రిస్తే కొనేవారున్నారు కానీ కొత్తవి ఎవరు కొంటారన్నారు. 1947 నుంచి చందమామ పత్రిక కొన్ని తరాల పిల్లలకు మాంత్రికులనూ, రాకాసులనూ, మాయాద్వీపాలనూ అలవాటు చేసింది. ఆ పిల్లలే పెద్దవాళ్లై నేడు తమ బాల్యాన్ని గట్టి అట్టతో కొనుక్కుంటున్నారు, మంచిదే. కానీ ఇప్పుడు పన్నెండేళ్లున్న పిల్లకు ముప్ఫై ఏళ్ల తర్వాత తలచుకోవడానికి తెలుగులో ఏం మిగులుతుందని అడిగితే ఆ కార్యాలయంలో నాకు దొరికిన సమాధానం ఒక కప్పు టీ. సొంతంగానే వేద్దామని ఆ టీ తాగుతూనే నిశ్చయించుకున్నాను.

ఐఎస్‌బీఎన్, అంటే పుస్తకానికి ఇచ్చే గుర్తింపు సంఖ్య, విషయంలో అందరూ భయపెట్టారు గానీ అంత సులువైన పని ఇంకొకటి లేదు. కేంద్ర విద్యాశాఖ పరిధిలోని రాజా రామ్మోహన్ రాయ్ జాతీయ ఏజెన్సీ వెబ్‌సైటులో రచయితగా నమోదు చేసుకుని, గుర్తింపు పత్రమూ పుస్తకం వివరాలూ జతపరిస్తే పదమూడు అంకెల సంఖ్య ఉచితంగా ఇస్తారు. దీనికి వేలకు వేలు అడిగే మధ్యవర్తులకు ఒక్క రూపాయి కూడా ఇవ్వకండి. కాపీరైటు నమోదు తప్పనిసరి కాదు. 1957 నాటి చట్టం ప్రకారం రాసిన క్షణం నుంచే హక్కు రచయితది. మనశ్శాంతి కోసం నమోదు చేయించుకోవాలనుకుంటే సాహిత్య రచనకు రుసుము ఐదు వందలు.

ఇక అసలు కథకు వస్తాను. నేను నవల మొత్తాన్ని యూనికోడ్‌లో టైపు చేశాను. పేర్లు, ఊళ్లు, మంత్రాలు ఒకటికి పదిసార్లు సరిచూసుకున్నాను. విజయవాడలో చాలా కాలంగా పుస్తకాలు తయారు చేస్తున్న ఒక డీటీపీ కేంద్రానికి పెన్‌డ్రైవ్ పట్టుకెళ్లి ఇచ్చినప్పుడు, అక్కడి ఆపరేటర్ ఫైలు తెరిచి, "ఇది యూనికోడ్ కదా మేడమ్, మా ఫాంటులోకి మార్చుకోవాలి" అన్నాడు. మార్చుకోండి అన్నాను. ఆ మాట వెనకాల ఏముందో బయటివారికి తెలియదు కనుక చెబుతాను. యూనికోడ్‌లో తెలుగు అక్షరానికి తెలుగు అక్షరంగానే ఒక సంఖ్య ఉంటుంది. దానికి పూర్వపు ఫాంట్లలో అలా కాదు. తలకట్టు ఒక ముక్క, గుడి ఒక ముక్క, వత్తు ఒక ముక్క. అవన్నీ ఇంగ్లీషు అక్షరాల స్థానాల్లో కూర్చుని ఉంటాయి. కంప్యూటరు దృష్టిలో అది తెలుగే కాదు. మన అచ్చు ప్రపంచంలో చాలా భాగం ఇప్పటికీ ఆ ఫాంట్ల మీదా, 2001 తర్వాత కొత్త వెర్షనే రాని పేజీలు కట్టే సాఫ్ట్‌వేర్ పేజ్‌మేకర్ మీదా నడుస్తోంది. కాబట్టి యూనికోడ్‌లో రాసిన ప్రతి రచనా ఒక మార్పిడి యంత్రం గుండా వెళ్లి, ఎముకలు విరిగి, అటువైపు తేలుతుంది.

మొదటి ప్రూఫులో స్వాతంత్ర్యానికి యవత్తు పోయింది, జ్యోత్స్నకు నవత్తు పక్క అక్షరం కిందికి జరిగింది, బండి ఱ ఉన్నచోటల్లా ఖాళీ డబ్బా కనిపించింది. ఇవి సహజమేనని అందరూ అన్నారు, నేనూ ఓపికగా దిద్దాను. ముప్ఫై ఆరో పేజీకి వచ్చేసరికి నా గుండె ఆగినంత పనయింది. గని యజమాని వజ్రసేనుడు కొరడా ఎత్తినప్పుడు గిరిక మొదటిసారి తన శక్తిని వాడే ఘట్టం అది. నేను రాసింది ఇది: "వజ్‌రసేనా!" అని గిరిక ఆ పేరును విరిచింది, ఎత్తిన చెయ్యి ఎత్తినట్టే ఉండిపోయింది. ప్రూఫులో ఉన్నది ఇది: "వజ్రసేనా!" అని గిరిక ఆ పేరును విరిచింది. ఏమి విరిచింది? ఆవగింజంతైనా విరగలేదు. అక్కడి నుంచి చివరి పేజీ దాకా తిరగేస్తే, ఆ పిల్ల విరిచిన ప్రతి పేరూ చక్కగా అతుక్కుని ఉంది. నవల పతాక సన్నివేశంలో ఒకే పేరును ఒకసారి విరిచి, ఒకసారి కలిపి, మళ్లీ విరిచి పలికే ఒక పేజీ ఉంది. ప్రూఫులో ఆ పేజీ నిండా ఒకే మాట వరసగా అచ్చయి, ఎవరో వజ్రసేనుణ్ణి భోజనానికి పిలుస్తున్నట్టుంది.

కారణం ఏమిటంటే, యూనికోడ్‌లో పొల్లు అక్షరం పక్కన మరో హల్లు వస్తే అది దానంతట అదే వత్తుగా మారిపోతుంది. అలా మారకుండా ఆపడానికి రెండింటి మధ్య కంటికి కనిపించని ఒక చిహ్నం పెడతాము. ఇంగ్లీషు మాటలను తెలుగులో రాసే ప్రతి ఒక్కరూ తెలిసో తెలియకో దాన్ని వాడుతూనే ఉంటారు. కంటికి కనిపించదు కనుక చెత్తే అనుకుని ఆ మార్పిడి సాఫ్ట్‌వేర్ నా నవలలోని ఆ చిహ్నాలన్నిటినీ ఏరి పారేసింది. నా నవలలో మంత్రమంతా ఆ కనిపించని చిహ్నంలోనే ఉందని దానికేం తెలుసు!

ఇంతవరకూ జరిగినదాన్ని నేను యంత్రం తప్పుగానే సర్దుకుపోయేదాన్ని. నాకు కష్టం కలిగించింది మనుషులు. నేను ఆ పేజీ పట్టుకుని కేంద్రం యజమాని దగ్గరికి వెళ్లేసరికి అక్కడ పంచాంగం ప్రూఫు దిద్దుకుంటూ ఒక సిద్ధాంతి గారు, షష్టిపూర్తి సంచిక కోసం వచ్చిన ఒక పెద్దమనిషి కూర్చుని ఉన్నారు. యజమాని నా పేజీ తీసుకుని, వాళ్లు వినేలా రెండు పేర్లనూ పైకి చదివి, "రెండూ ఒకటే కదమ్మా, చదివేవాడికి తెలియదా?" అన్నాడు. తెలియదండీ, ఒకటి మంత్రం, ఒకటి కాదు అని నేను వివరించబోయాను. నా వయసులో, ఆ గదిలో, పేరు విరిస్తే మనిషి ఆగిపోతాడని గంభీరంగా చెప్పడం ఎంత కష్టమో అనుభవించినవారికే తెలుస్తుంది. సిద్ధాంతి గారు కళ్లజోడు పైకి తోసుకుని, "అయితే మా అబ్బాయి పేరు విరవమ్మా, ఒక్కచోట కూర్చోడు" అన్నారు. అందరూ నవ్వారు, ఆపరేటర్ కూడా. యజమాని పేజీ నా చేతికిచ్చి, "పిల్లల మంత్రాల కథే కదా, పీహెచ్‌డీ కాదుగా" అన్నాడు.

ఇక్కడ ఒక మాట చెప్పకుండా ఉండలేను. పంచాంగంలో ఘడియ తప్పితే అనర్థమని ఒప్పుకునే మనిషి, పిల్లల కథలో మంత్రం తప్పితే ఏమీ కాదనుకోవడం మనకున్న పాత జబ్బు. పిల్లలు పెద్దలకన్నా కఠినమైన పాఠకులు. ఇరవయ్యో పేజీలో పెట్టిన నియమాన్ని రెండు వందల పేజీలు దాటాక ఉల్లంఘిస్తే పెద్దలు క్షమిస్తారేమో గానీ పదేళ్లవాడు క్షమించడు.

యజమాని చివరికి చేతితో దిద్దిస్తానన్నాడు. పాత ఫాంటులో పొల్లునూ దాని పక్క హల్లునూ విడివిడిగా కొట్టి ప్రతి పేరునూ మళ్లీ విరిచారు. ఆ రాత్రి నిశ్చింతగా నిద్రపోయాను. మరుసటి ప్రూఫు వచ్చేసరికి పేర్లన్నీ తిరిగి అతుక్కుని ఉన్నాయి. ఈసారి నేరం యంత్రానిది కాదు. నాకు చెప్పకుండానే ఆ కేంద్రం వారు తమ ఆస్థాన ప్రూఫ్ రీడరుకు, ఒక విశ్రాంత తెలుగు పండితుడికి, పేజీలు పంపారు. ఆయన కాగితాలు చూపించమని అడిగి తీసుకున్నాను. విరిచిన ప్రతి పేరు చుట్టూ ఎర్ర సిరాతో గుండ్రటి గీత, అంచున ముత్యాల్లాంటి అక్షరాలతో "అనవసర విచ్ఛేదము". ఒక్కటి కూడా వదల్లేదు. నా జీవితంలో అంత శ్రద్ధగా ఎవరూ నా రచన చదవలేదు, అంత శ్రద్ధగా ఎవరూ దాన్ని చంపనూ లేదు. అంతటితో ఆగక, మాటలు మరిచిపోతున్న గిరిక చివరి అధ్యాయాల్లో తడబడుతూ మాట్లాడే వాక్యాలను కూడా ఆయన వ్యాకరణబద్ధం చేశారు. దాంతో అన్నం అన్న మాటను మరిచిపోయిన పిల్ల మా నవలలో "అమ్మా, నాకు భోజనము పెట్టుము" అని అడిగింది.

పెన్‌డ్రైవ్ తీసుకుని అక్కడి నుంచి వచ్చేశాను. చేసిన పనికి డబ్బు మొత్తం కట్టమన్నారు, కట్టాను.

తర్వాత ఒక మిత్రురాలి ద్వారా ఇంట్లోనే పనిచేసే ఒక కుర్రవాడు దొరికాడు. అతను ఇన్‌డిజైన్‌లో నేరుగా యూనికోడ్‌తోనే పేజీలు కడతాడు. ఫైలు తెరవగానే మార్పిడి అవసరం లేదన్నాడు. వినడానికి అంతకన్నా తీయనైన మాట నాకు తెలియదు. ఫాంటు కూడా కొనక్కర్లేదు. మండలి, సురవరం, రామభద్ర వంటి ఉచిత యూనికోడ్ ఫాంట్లు ఎవరైనా దించుకుని వాడుకోవచ్చు. మండలి వెంకట కృష్ణారావు గారి పేరు పెట్టిన మండలి ఫాంటునే లోపలి పేజీలకు ఎంచుకున్నాము. వజ్‌రసేనుడు మొదటి ప్రూఫులోనే విరిగాడు.

డీటీపీకి ఇచ్చేముందు మీరు తప్పక చేయవలసిన పని ఒకటుంది. లక్ష్మి, జ్యోత్స్న, సామర్థ్యం, స్వాతంత్ర్యం, ఱ, అరసున్న, మధ్యలో పొల్లు ఉన్న రెండు మాటలు కలిపి ఒక చిన్న పేరా రాసి, బేరం మాట్లాడకముందే దాన్ని వారి పద్ధతిలో అచ్చు తీసి చూపించమనండి. "తర్వాత దిద్దుదాం లెండి" అంటే లేచి వచ్చేయండి. ప్రూఫ్ రీడరును మీరే ఎంచుకోండి. ఆయనకు నవలతో పాటు మీరు కల్పించిన పేర్ల జాబితాను కూడా ఇచ్చి, వీటిని ముట్టుకోవద్దని రాసి సంతకం చేయండి.

అచ్చు దశ గురించి పెద్దగా చెప్పేదేమీ లేదు. డెమ్మీ సైజు, 70 జీఎస్ఎం కాగితం. పదహారు పేజీలకు ఒక ఫారం చొప్పున లెక్క కనుక, 240 పేజీలకు పదిహేను ఫారాలు సరిగ్గా సరిపోయాయి. ఆ లెక్క కోసం నా కృతజ్ఞతల పేజీని సగానికి తగ్గించాను, అందులో కొన్ని పేర్లు ఎలాగూ తీసేయవలసి వచ్చింది. కొద్ది కాపీలే కావాలంటే డిజిటల్ ముద్రణ, వందల్లో కావాలంటే ఆఫ్‌సెట్ లాభం. అచ్చయిన పుస్తకాలకు జీఎస్టీ లేదు, మీ బిల్లులో ఎవరైనా పుస్తకం మీదనే వేస్తే అడగండి.

పుస్తకం వచ్చాక చాలామంది మరిచిపోయే పని ఒకటుంది. 1954 నాటి చట్టం ప్రకారం ప్రచురణకర్త తన ఖర్చుతో కోల్‌కతాలోని జాతీయ గ్రంథాలయానికి, చెన్నైలోని కన్నెమరా గ్రంథాలయానికి, అలాగే ముంబై, ఢిల్లీల్లో నిర్దేశించిన గ్రంథాలయాలకు ముప్ఫై రోజుల్లోగా ప్రతులు పంపాలి. సొంతంగా వేసుకున్నాము కనుక ప్రచురణకర్తలం మనమే. నేను పంపాను. అమ్మకాల సంగతికి వస్తే, దుకాణాలు ధరలో నలభై శాతం అడుగుతున్నాయి, అది కూడా అమ్ముడయ్యాకే లెక్క. అందుకే డిసెంబరులో హైదరాబాద్ పుస్తక ప్రదర్శనలో ఒక మిత్రుడి స్టాలులో సగం బల్ల అడిగి పెట్టుకున్నాను. రెండో భాగం ఇప్పటికే సగం రాశాను. అందులో గిరిక స్నేహితుడికి ఎవరి చేతిరాతనైనా చూసి వారి గొంతు వినగలిగే శక్తి ఉంటుంది. దానికి పేజీ కట్టేది ఆ కుర్రవాడేనని అతనితో ముందే మాట్లాడుకుని, అడ్వాన్సు కూడా ఇచ్చేశాను.