జిగ్మారింగెన్ కోటలో దేశం లేని మంత్రులు

జర్మనీలోని ఉల్మ్‌లో ఉంటున్న మా అమ్మాయి "కోటలు చూసీ చూసీ విసుగు పుట్టలేదా నాన్నా?" అంది. పుట్టింది. అయినా జిగ్మారింగెన్‌కు టికెట్టు తీయించాను. ఆ కోటలో కొంతకాలం తలదాచుకున్న ఒక పత్రికాధిపతి చాలాకాలంగా నా బుర్రను తొలుస్తున్నాడు. ముప్పై ఏళ్లు పత్రికల డెస్కులో పనిచేసినవాడికి ఇలాంటి పిచ్చి ఉంటుంది.

రైలు గంటకు పైగా నడిచింది. దిగగానే కొండరాయి మీద కోట, కింద డాన్యూబ్. ఇంత పేరున్న నది ఇక్కడ ఓ మోస్తరు కాలువలా ఉంది. లోపల హోహెన్‌జోలెర్న్ వంశం వారి బంగారు పూత గదులు, మూడు వేలకు పైగా ఆయుధాలు. ఆయుధాల దగ్గర నేను ఆగలేదు.

1944 సెప్టెంబరులో, ఫ్రాన్స్ చేజారుతున్నప్పుడు జర్మన్లు ఈ వంశం వారిని వెళ్లగొట్టి, తమకు ఊడిగం చేసిన ఫ్రెంచి నాయకులను ఇక్కడికి చేర్చారు. జర్మన్లతో చేతులు కలిపిన ఫ్రెంచి ప్రభుత్వానికి పెద్ద మార్షల్ పెతాన్ పై అంతస్తులో ఉండేవాడు. అక్టోబరు 1న కోట మీద ఫ్రెంచి జెండా ఎగిరింది. రాజ్యం లేదు, మంత్రివర్గం మాత్రం ఉంది. సమాచార, ప్రచార శాఖ నా పత్రికాధిపతిది. పేరు జాన్ లుషేర్.

చిత్రమేమిటంటే, 1927లో 'మన కాలం' అనే పత్రిక పెట్టినప్పుడు అతను శాంతివాది. ఫ్రాన్స్, జర్మనీ చేయి కలపాలన్నదే అతని పాట. అప్పటి స్నేహితుడు ఓటో అబెట్జ్, లుషేర్ కార్యదర్శినే పెళ్లాడాడు. 1940లో జర్మన్ల చేతికి చిక్కిన పారిస్‌లో ఆ అబెట్జే హిట్లర్ రాయబారి అయ్యాడు. ఆ నవంబరులోనే లుషేర్ సాయంకాల దినపత్రిక 'కొత్త కాలం' వెలువడింది. 'మన' పోయి 'కొత్త' వచ్చింది. రాయబార కార్యాలయం సొమ్ముతో నడిచిన ఆ పత్రికాధిపతి పారిస్ పత్రికల సంఘానికీ పెద్ద అయ్యాడు. ఊరంతా రేషను చీటీలు పట్టుకుని బారులు తీరుతుంటే ఇతనివి ఖరీదైన రెస్టారెంట్లలో విందులు. జనం అతని పేరును 'లూష్ హెర్' అని విరిచారు. ఫ్రెంచిలో లూష్ అంటే చూడగానే అనుమానం పుట్టించే. జర్మన్‌లో హెర్ అంటే గారు. ఇంత చక్కటి శీర్షిక నా సర్వీసులో ఒక్కటీ పెట్టలేకపోయాను.

ఆ రోజుల్లో కాగితం ఎవరికి ఎంతో జర్మన్లు తేల్చేవారు. నేను ఉద్యోగంలో చేరిన కొత్తలో న్యూస్‌ప్రింటు కోటా ఢిల్లీ నుంచి రావాలి. కాగితం చేతిలో ఉన్నవాడి ముందు సంపాదకుల గొంతు ఎంత మెత్తబడుతుందో అప్పుడే చూశాను.

జిగ్మారింగెన్‌లో కూడా లుషేర్ ఊరుకోలేదు. ఊళ్లో ఆకలితో, చలితో ఉన్న ఫ్రెంచి శరణార్థుల కోసం 'ఫ్రాన్స్' అనే దినపత్రిక అచ్చయ్యేది, రేడియో మోగేది. 1945 ఏప్రిల్‌లో ఫ్రెంచి సైన్యం వచ్చేసరికి కోట ఖాళీ. అతను ఇటలీలో దొరికాడు. 1946 ఫిబ్రవరి 22న పారిస్ శివారు షతియాఁ కోటలో తుపాకులకు ఎదురుగా నిలబెట్టారు. తండ్రితో పాటు ఇక్కడికి వచ్చిన కూతురు, సినిమా తార కోరిన్, క్షయతో 1950లో పోయింది. ఇరవై ఎనిమిదేళ్లు.

తిరుగు రైలుకు సమయం ఉంది. స్టేషను దగ్గర ఒక స్థానిక పత్రిక కొన్నాను. జర్మన్ అక్షరం ముక్క రాదు. అలవాటు కొద్దీ బొటనవేలికీ చూపుడు వేలికీ మధ్య కాగితం నలిపి మందం చూశాను.