టామీ జాన్ అంటే ఆపరేషన్ ఒక్కటే కాదండీ

బేస్‌బాల్ వార్తలు చూసేవాళ్లకి ఈ మాట తరచూ తగులుతుంది: ఫలానా పిచర్‌కి (బ్యాటర్‌కి బంతి విసిరేవాడికి) టామీ జాన్ చేశారట, ఏడాది పైనే ఆటకి దూరమట. మోచేతి ఆపరేషన్‌కి ఆ పేరు అలా ఖాయమైపోయింది. ఆ పేరుగల మనిషి అమెరికా అగ్రశ్రేణి బేస్‌బాల్ అయిన మేజర్ లీగ్‌లో 26 సీజన్లు ఆడి, పిచర్‌గా 288 గెలుపులు తన ఖాతాలో వేసుకున్నాడని చెబితే, ఆటంటే పడిచచ్చేవాళ్లు కూడా "అవునా!" అంటారు. నాకు ఒళ్లు మండేది అక్కడే.

1943లో ఇండియానా రాష్ట్రంలోని టెర్రె హోట్‌లో పుట్టాడు, ఎడమచేతి వాటం. 1963లో క్లీవ్‌లాండ్‌తో మొదలై, చికాగో వైట్ సాక్స్ మీదుగా 1972కి లాస్ ఏంజిలెస్ డాడ్జర్స్‌కి వచ్చాడు. వేగం ఆయన ఆయుధం ఎప్పుడూ కాదు, సింకర్ అనే రకం బంతిని నమ్ముకున్నాడు. బంతి తిన్నగా వస్తున్నట్టే ఉంటుంది, బ్యాటర్ నిలబడే ప్లేట్ దగ్గరికొచ్చేసరికి కిందికి దిగిపోతుంది, బ్యాటర్ దాని పైభాగం మీద కొడతాడు, అది నేల మీద దొర్లుకుంటూ పోయి ఫీల్డర్ చేతిలో పడుతుంది. చూడ్డానికి హడావుడేమీ ఉండదు, స్కోర్‌బోర్డు మీద మాత్రం అవుట్ పడుతుంది.

1974 జులై 17న మాంట్రియల్ ఎక్స్‌పోస్‌తో మ్యాచ్. అప్పటికి ఆ సీజన్‌లో 13 గెలిచి మూడే ఓడి మంచి ఊపు మీదున్నాడు. బంతి విసురుతుండగా మోచేతి లోపలివైపు లిగమెంట్ (ఎముకల్ని కలిపి పట్టుకునే పట్టీ) తెగింది. ఆ రోజుల్లో అది తెగిందంటే ఇక సంచి సర్దుకోవడమే.

ఇప్పుడొకసారి మీ చెయ్యి చూసుకోండి. అరచెయ్యి పైకి పెట్టి, బొటనవేలు, చిటికెనవేలు కొసలు కలిపి, మణికట్టు కాస్త లోపలికి వంచండి. మధ్యలో సన్నటి తాడులాంటిది పైకి లేస్తుంది కదా, అదే పాల్మారిస్ లాంగస్ అనే టెండన్. కొందరికి పుట్టుకతోనే ఉండదు, లేకపోయినా చేతి పనులకి లోటేమీ రాదు, కాబట్టి మీకు కనపడకపోతే టెన్షన్ పడకండి. డాడ్జర్స్ డాక్టర్ ఫ్రాంక్ జోబ్ 1974 సెప్టెంబర్ 25న జాన్ కుడిచేతిలోని ఆ టెండన్ తీసి, ఎడమ మోచేతి ఎముకలకి రంధ్రాలు చేసి, వాటిలోంచి దూర్చి, తెగిన లిగమెంట్ స్థానంలో బిగించాడు. మళ్లీ పిచ్ చేసే అవకాశం నూటికి ఒక వంతే అనుకున్నాడట ఆయన. పైగా నరం దెబ్బతిని జాన్ చేతివేళ్లు ముడుచుకుపోతే దానికి ఇంకో ఆపరేషన్ చేయాల్సొచ్చింది.

1975 మొత్తం ఒక్క మ్యాచ్ లేదు. బంతి పట్టుకోవడం దగ్గర్నుంచి మళ్లీ మొదలు. 1976లో తిరిగొచ్చి 10 గెలిచాడు, 10 ఓడాడు. 1977లో 20 గెలిచాడు! ఆ తర్వాత న్యూయార్క్ యాంకీస్‌కి వెళ్లి 1979లో 21, 1980లో 22. ఆపరేషన్‌కి ముందు 124 గెలుపులు, తర్వాత 164. అంటే రెండో ఇన్నింగ్సే పెద్దది, ఆ భాగం డాక్టర్ కత్తి ఒక్కదానివల్ల వచ్చింది కాదు.

అదృష్టం మాత్రం సీజన్ చివర్లో జరిగే ఫైనల్ పోరు, వరల్డ్ సిరీస్‌లో మొహం చాటేసింది. 1977, 1978లో డాడ్జర్స్ తరఫున ఆడి యాంకీస్ చేతిలో ఓడాడు, 1981లో యాంకీస్ తరఫున ఆడి డాడ్జర్స్ చేతిలో ఓడాడు. ఆ చివరిదానిలో ఆరో మ్యాచ్ ఇంకా 1-1 మీద ఉండగానే, నాలుగో ఇన్నింగ్స్‌లో జాన్ బ్యాటింగ్ వంతు వచ్చేసరికి మేనేజర్ ఆయన్ని తప్పించి వేరే బ్యాటర్‌ని దింపాడు. డగౌట్‌లో జాన్ మొహంలో నమ్మలేనితనం టీవీ కెమెరాలకి దొరికిపోయింది. తర్వాతొచ్చిన పిచర్లు పరుగులు ధారపోశారు, 9-2తో పోయింది.

రిటైరయింది 1989లో, 46 ఏళ్లకి. మార్క్ మెగ్వైర్ అనే కుర్ర బ్యాటర్ వాళ్ల నాన్నే టామీ జాన్‌కి పళ్ల డాక్టర్, ఆ కుర్రాడు జాన్ బంతుల్ని బాదాక, మన పళ్ల డాక్టరు కొడుకే మనల్ని కొడుతున్నాడంటే ఇక మానేయాల్సిందే అని జాన్ జోకేశాడట. ఆటలో మేటివాళ్లకి చోటిచ్చే హాల్ ఆఫ్ ఫేమ్ ఓటింగ్‌లో మాత్రం 15 ఏళ్లు నిలబడ్డా గెలవలేదు. పిచర్లకి గొప్ప మైలురాయి అనుకునే 300 గెలుపులకి 12 తక్కువ, పోయిన ఆ ఏడాదిన్నర ఉంటే సులువుగా దాటేవాడు. 283 గెలిచిన పిచర్ జిమ్ కాట్‌కి 2022లో చోటిచ్చారు. ఇదేం లెక్కో నాకైతే అర్థం కాదు.

ఇప్పటి సూపర్‌స్టార్ షోహెయ్ ఒహ్తానీ లాంటివాడే 2018లో ఒకసారి, 2023లో ఇంకోసారి మోచేతికి కోయించుకున్నాడు. గంటకు వంద మైళ్ల పిచ్చి ముదిరేకొద్దీ లిగమెంట్లు అలా తెగుతూనే ఉన్నాయి. ఈ ఆపరేషన్ చేయించుకుంటే చెయ్యి ముందుకన్నా గట్టిపడుతుందని నమ్మే తల్లిదండ్రులు కూడా ఉన్నారు, అది శుద్ధ అపోహ. అమెరికాలో మన తెలుగు పిల్లలు కూడా ఆడుతున్నారు కాబట్టి చెప్తున్నా: పిల్లల బేస్‌బాల్ నడిపే లిటిల్ లీగ్ నిబంధనల ప్రకారం 9, 10 ఏళ్లవాళ్లు రోజుకి 75 బంతులకి మించి, 11, 12 ఏళ్లవాళ్లు 85కి మించి పిచ్ చేయకూడదు. కోచ్ లెక్క రాస్తున్నా సరే, మీ లెక్క మీరూ రాసుకోండి, ముఖ్యంగా పిల్లాడు ఒకే వారంలో రెండు టీములకి ఆడుతుంటే.