మామయ్యగారి వడియాల పంచె

నిన్న సాయంత్రం మా పెద్దవాడు మొదటిసారి బూడిద గుమ్మడికాయ కొట్టాడు. ఏటా ఆ పని మామయ్యగారిది. ఈ వేసవికి ఆయన లేరు, మావారు ఊళ్లో లేరు. గుమ్మడికాయకు ఆడవాళ్లు తొలి గాటు పెట్టకూడదని అత్తయ్య పట్టింపు. జంతుబలికి బదులుగా ఇచ్చే కాయ కాబట్టి అది ప్రాణంతో సమానమంటారు. ఆ నియమం నాకు సమ్మతం కాదు, ఆ మాట ఆవిడతో చాలాసార్లు అన్నాను. ఈ ఏడాది అనలేదు.

కాయ మీది బూడిద తుడిచి, బొట్టు పెట్టి, వాడి చేతికి కత్తి ఇస్తూ, "మీ తాతయ్య ముచ్చిక దగ్గర మొదలుపెట్టేవారురా" అన్నారు. వాడూ అక్కడే పెట్టాడు. అత్తయ్య వంటింట్లోకి వెళ్లి చాలాసేపటికి గానీ రాలేదు.

గింజలు తీసి, తొక్కతోనే సన్నగా తరిగి, ఉప్పూ పసుపూ కలిపి మూటగట్టి, పైన పొత్రం బరువు పెట్టాం. తెల్లారేసరికి నీరంతా దిగి మూట సగమైంది. కిలో మినప్పప్పు నానబోసి ఉంచాను కదా, ఐదింటికే లేచి రుబ్బాను. గారెల పిండి కన్నా గట్టిగా ఉండాలి, పలచనైతే వడియం నిలబడదు.

రథసప్తమి దాటితే ఎండకు పదును వస్తుందని మా ఇంట్లో అప్పుడే మొదలుపెట్టేవారు. ఈసారి ఏప్రిల్ దాకా ఎవరికీ మనసు రాలేదు.

ఏడింటికి డాబా మీద మామయ్యగారి పాత పంచె తడిపి పరిచాం. ఆయన బట్టలన్నీ ఎవరెవరికో ఇచ్చేశాం, ఈ ఒక్కటీ అత్తయ్య దాచారు. ఉతికి ఉతికి మెత్తబడిపోయింది, ఒక మూల పాత పసుపు మరక. అత్తయ్య చేయి తడుపుకుని, చిటికెలో వడియం జార్చి పక్కదానికి వెళ్లిపోతుంటే, దారం పట్టి గీసినట్టు వరుస వచ్చింది. పాప పెట్టినవి ఒకటి ఉసిరికాయంత, ఒకటి నిమ్మకాయంత. సరిచేయబోతే అత్తయ్య వద్దన్నారు.

సాయంత్రం నలుగురం నాలుగు కొసలూ పట్టుకుని పంచెను లోపలికి తెచ్చాం. పైన గట్టిపడ్డాయి, అడుగున ఇంకా పచ్చే. ఎల్లుండి వెనకవైపు నీళ్లు చిలకరించి ఊడదీయాలి.

పడుకోబోతూ పెద్దవాడు అడిగాడు, "నానమ్మా, తాతయ్య పాదు పెట్టే గింజలు పారేశారా?" అని. కిటికీ దగ్గర పాత పేపరు మీద, బూడిదలో కలిపి, అప్పటికే ఆరబోసి ఉన్నాయి.