కొబ్బరి చిప్పలో క్రిబెన్సిస్ కాపురం

అక్వేరియంలో క్రిబెన్సిస్ చేపలు పెంచుతున్నానంటే చాలామంది 'సిక్లిడ్లా, కొట్టుకు చస్తాయి' అని భయపెడతారు (సిక్లిడ్లంటే ఇవి చేరే చేపల కుటుంబం). ఆ మాట ఆఫ్రికా సరస్సుల చేపలకు సరిపోతుందేమో గానీ ఇవి నైజీరియా, కామెరూన్ వాగుల్లోవి, మగది పది సెంటీమీటర్లు దాటడమే కష్టం, గుడ్లు పెట్టనంతవరకూ వాటి మానాన అవి తిరుగుతాయి.

హనుమకొండలో మా బోరు నీళ్లు బకెట్‌కు తెల్లటి పొర కట్టే రకం. అయినా ఈ చేపలు సర్దుకుపోతాయి. పిల్లలు కావాలనుకున్నప్పుడు మాత్రం సగం ఆర్వో నీళ్లు కలుపుతాను. పీహెచ్ (నీళ్ల ఆమ్లగుణం కొలత, తగ్గేకొద్దీ ఆమ్లం ఎక్కువ) మరీ తగ్గితే పిల్లల్లో మగవే ఎక్కువవుతాయి కాబట్టి 7 దగ్గర ఉంచడం మేలు.

గుహ తప్పనిసరి. సగం కొబ్బరి చిప్పకు ఒక పక్క చిన్న దారి కోసి బోర్లిస్తే చాలు (ఖరీదైన సిరామిక్ గుహలు మన ముచ్చట కోసమే, చేపలకు అక్కర్లేదు). ఆడదాని పొట్ట దానిమ్మ గింజ రంగుకు తిరిగి, ఒళ్లు వంచి మగదాని ముందు వణుకుతోందంటే ఇక పని మొదలైనట్టే. గుడ్లను చిప్ప లోపలి కప్పుకు అంటించి తను అక్కడే ఉంటుంది, మగది బయట కాపలా. రెండు మూడు రోజుల్లో పొదుగుతాయి, ఇంకో వారం లోపే పిల్లలు ఈదుతాయి, అప్పటికి వాటి మేతకు ఆర్టీమియా (చిన్న ఉప్పునీటి రొయ్యల్లాంటివి) పిల్లలు సిద్ధంగా ఉండాలి. చీకటి పడేవేళ తల్లి ఒక్కో పిల్లనూ నోట కరుచుకుని చిప్పలోకి ఉమ్మేస్తుంటే ఎంతసేపు చూసినా విసుగు రాదు.

ఎండాకాలమే టెన్షన్. మేలో ట్యాంకు 30 డిగ్రీలు దాటితే మూత తీసి నీళ్ల మీదికి చిన్న ఫ్యాన్ పెడతాను, పైన వల మాత్రం కట్టాలి, ఎగిరి బయటపడతాయి.